బేతంచెర్ల బండల మధ్య జాజ్

రికార్డింగు పనిలోకి కొత్తగా వచ్చే పిల్లలు నన్ను మొదట అడిగేది, "ఏ మైకు కొనమంటావన్నా?" అని. నా జవాబు వాళ్ళకు నచ్చదు. ముందు మంచి కుర్చీ కొనుక్కోమంటాను. ఈ పనిలో ముప్పాతిక వంతు కూర్చుని వినడమే. నడుము నొప్పి పెడుతున్నవాడికి ఎంత మంచి పాటైనా తొందరగా అయిపోతే బాగుండుననిపిస్తుంది. అప్పుడు వాడు చేసే తప్పులకు మైకును తిట్టి లాభం లేదు.

నా పేరు సుంకన్న. కుర్రతనంలో రేడియోలో దినకూలి మీద టేపులు కోశాను. తర్వాత కడపలో, ఎర్రముక్కపల్లె దగ్గర ఒక మిద్దె మీద గది అద్దెకు తీసుకుని ఇరవై ఏళ్ళకు పైగా రికార్డింగు చేశాను. భజనలు, నాటకాలు, బడి పిల్లల వార్షికోత్సవాలు, పెళ్ళి వీడియోలకు వెనక పాటలు, ఒకసారి ఎరువుల కొట్టుకు ప్రకటన. యాభై మూడో ఏట మానేశాను. ఆ వయసులో రిటైరవడమేమిటని అడిగేవాళ్ళున్నారు. వాళ్ళకోసమే ఇది రాయడం.

ముందే ఒక మాట ఒప్పుకుంటాను. నాకు కాస్త పెంచి చెప్పే అలవాటుంది. ఒంటిమిట్ట కల్యాణానికి మైకులు పెట్టినప్పుడు, అంత జనంలో ఒకామె కాలి పట్టీ నుంచి మువ్వ రాలిన చప్పుడు విని, వెతికి తెచ్చి ఇచ్చానని ఊరంతా చెప్పుకున్నాను. నిజానికి ఆ మువ్వ నా చెప్పు కిందే పడింది. అహోబిలం కొండల్లో గబ్బిలం దగ్గును టేపు చేశానని కూడా చెప్పాను. అది మా జీపు డ్రైవరు దగ్గు. ఇలాంటివి ఈ రాతలో ఎదురైతే మీకు తోచినంత తగ్గించుకోండి. మౌలాలన్న సంగతికి వచ్చేసరికి మాత్రం ఏమీ తగ్గించొద్దు. అక్కడ పెంచి రాసే ధైర్యం నాకు లేదు.

ఊపిరి అతికించిన రోజులు

రేడియోలో నా పైన రాఘవయ్య సారు ఉండేవాడు. సన్నగా, బెండకాయ మాదిరి ఉండేవాడు. ఎవరినీ మెచ్చుకోడు. ఆయన దగ్గర చేసిన నాలుగేళ్ళలో ఆయన నాతో అన్న మంచిమాట ఒకటే: "ఈరోజు ఆలస్యంగా రాలే."

అప్పట్లో టేపును బ్లేడుతో కోసి, జిగురు పట్టీతో అతికించేవాళ్ళం. ఓర్వకల్లు దిక్కునుంచి వచ్చిన ఒక ముసలి రైతు చేత శనక్కాయ పంట గురించి మాట్లాడించాం. ఆయనకు ఆయాసం. మాటకొకసారి ఊపిరి పీల్చుకునేవాడు. నేను కొత్త ఉత్సాహంతో కూర్చుని ఆ ఊపిర్లన్నీ కోసి పారేశాను. మాటలు నున్నగా, నూనె రాసినట్టు వచ్చాయి. సారు మెచ్చుకుంటాడని పిలిచాను.

ఆయన కళ్ళు మూసుకుని చివరిదాకా విన్నాడు. "ఈయన బతికుండాడా?" అన్నాడు.

"ఉండాడు సార్. పొద్దున నేనే బస్సెక్కించినా."

"బతికుంటే ఊపిరి ఏదప్పా?"

"తీసేసినా సార్. అడ్డమొస్తాండాదని."

"యాడ పెట్టినావు?"

చెత్తబుట్టలో పెట్టాను. వేలెడంత టేపు ముక్కలు, రెండు పిడికిళ్ళ నిండా. సారు ఆ బుట్టను నా బల్ల మీద బోర్లించి, మళ్ళీ అతికించమని వెళ్ళిపోయాడు. ఏ ఊపిరి ఏ మాట ముందుదో నాకేం తెలుసు? రెండు రోజులు కూర్చుని ఊహించి అతికించాను. చివరికి ఆ రైతు, పంట మొత్తం ఎండిపోయిందన్న మాటను తడబడకుండా చెప్పేసి, "మా ఊరికి రెండు బస్సులుండాయి" అనడానికి మాత్రం గుండెలవిసేలా ఊపిరి పీల్చుకున్నాడు. ప్రసారం విన్న ఆయన కొడుకు, నాయన ఇంత భయపడుతూ మాట్లాడాడేమని ఉత్తరం రాశాడు.

తీసేసే ముందు, తీసినది ఎక్కడ పెడుతున్నావో చూసుకో. సారు నేర్పింది అదే. ఆ పాఠం పాతికేళ్ళపాటు ఎవరు కనపడితే వాళ్ళకు చెప్పాను. నాకు అవసరపడిన రోజున మాత్రం గుర్తు రాలేదు.

పంచె అంచు

ఇప్పుడు బ్లేడు పోయింది, కంప్యూటరు వచ్చింది. ఫోనులో తిరిగే పాటల ఫైళ్ళు ఎట్లా చిన్నవవుతాయో ఈ పనిలోకి వచ్చేవాళ్ళు తెలుసుకోవాలి. మనిషి చెవి పెద్దగా పట్టించుకోదని లెక్కకట్టిన శబ్దాలను ఆ యంత్రం తీసేస్తుంది. మిగిలింది సర్దుతుంది. ఎంపీత్రీ అంటే అది. లాస్‌లెస్ అంటే ఏమీ తియ్యకుండా మడతపెట్టడం.

పంచెను మడతపెట్టి పెట్టెలో పెడితే, విప్పినప్పుడు ఎనిమిది మూరలూ ఉంటుంది. పెట్టెలో పట్టలేదని జరీ అంచు కత్తిరించి పెడితే పెట్టె మూత పడుతుంది, కానీ అంచు పోయింది. ఆ పంచెనే తర్వాత పెద్ద బీరువాలో పెట్టినా అంచు తిరిగి మొలవదు. ఎంపీత్రీని మళ్ళీ పెద్ద ఫైలుగా మార్చి లాస్‌లెస్ అని ఇవ్వడం ఈ బీరువా పని. మా వృత్తిలో ఈ పని చేసేవాళ్ళు తక్కువమంది కాదు. నేనూ చేశాను. "ఈ జిల్లాలో దీని తేడా ఎవరికి తెలుస్తుంది?" అనేవాణ్ణి. పెళ్ళి వీడియో పాటలకు నిజంగానే ఎవరికీ తెలియలేదు.

మౌలాలన్న

మౌలాలన్నది కర్నూలు పాతబస్తీ. పెళ్ళి బ్యాండులో డోలు కొట్టే కుటుంబం. కుర్రతనంలో బెంగుళూరు వెళ్ళి ఒక హోటల్లో బల్లలు తుడిచాడు. ఆ హోటల్లో సాయంత్రాలు జాజ్ వాయించే గోవా డ్రమ్మరు ఒకాయనకు సామాను మోసి, కాళ్ళు పట్టి, ఆ విద్య నేర్చుకున్నాడు. ఆయన తర్వాత ఆ చోట తనే పద్దెనిమిదేళ్ళు వాయించాడు. హోటలు మూతపడ్డాక ఊరికి తిరిగొచ్చి మళ్ళీ పెళ్ళి బ్యాండులో చేరాడు. అరవై దాటిన మనిషి. అత్తరు వాసన, కళ్ళకు సుర్మా, తక్కువ మాట.

జాజ్ అంటే ఏమిటని నేను అడిగితే ఆయన చెప్పింది ఇది: "తిరనాళ్ళకు పోతామా, గుడి కాడ అందరం కలుస్తాం. ఆడనుంచి ఎవురి దోవన వాళ్ళు తిరుగుతాం. ఒకడు మిఠాయి అంగడికి, ఒకడు రంకులరాట్నం కాడికి. మళ్ళీ అందరం గుడి కాడికే వస్తాం. తప్పిపోకుండా తిరగడమే ఇద్య."

ఆయన నా గదికి మొదటిసారి వచ్చినప్పుడు గోనెసంచిలో చుట్టిన ఒక సింబల్, అంటే డ్రమ్ముల పక్కన కొట్టే పెద్ద కంచు తాళం, చంకలో ఉంది. దాన్ని ఆయన పళ్ళెం అనేవాడు. ఆ గోవా ఆయన చనిపోయే ముందు ఇచ్చినదట. ఎక్కడికి పోయినా వెంట తెచ్చుకునేవాడు.

"ఏమప్పా సుంకన్నా, నీ చెవులు శానా మంచివని చెప్పినారు."

"ఓర్వకల్లులో ఇమానం దిగితే ఈడ కూర్చుని టైర్లు ఎన్నో చెప్తా అన్నా."

"టైర్లు నాకొద్దు. పళ్ళెం తోక పడతావా?"

పళ్ళాన్ని కొట్టగానే వచ్చే చప్పుడు అందరూ పడతారట. దాని వెనక సన్నగా పోతూ పోతూ ఉండే మోత ఉందే, ఆ తోకే ఆయనకు కావాలి. కర్నూలులో మిద్దె మీద బట్టలు ఆరేసే తీగ కింద కూర్చుని, వైరు హెడ్‌ఫోను పెట్టుకుని, లాస్‌లెస్‌లో దొరికే పాత జాజ్ రికార్డులన్నీ విన్నాడు. వాటిలో తోక ఉంది. తన వాయిద్యం ఎవరో ఫోనులో పట్టినప్పుడు మాత్రం అది లేదు.

"ఆరు పాటలు కట్టినా. డ్రమ్ములు, పియానో, నిలబెట్టి వాయించే పెద్ద బాసు. ముగ్గురమే. తొందరగా కావాలప్పా."

"తొందర దేనికన్నా?"

ఆయన కుడిచెయ్యి నా బల్ల మీద పెట్టాడు. "ఈ మూడు వేళ్ళు మొద్దుబారతాండాయి. మెడకాడ నరం నొక్కుకున్నాదంట. కర్నూలు డాక్టరు ఆపరేషను చెయ్యాలంటాండాడు. చేసినాక నొప్పి పోతాదంట. కర్ర పట్టుకుంటానా లేదా అంటే ఆయప్ప కిటికీ దిక్కు చూసినాడు." చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. "నలభై ఏండ్లు హోటలుకు, వేరేవాళ్ళ పెళ్ళిళ్ళకు కొట్టినా. ఇదొక్కటి నాది."

కరెంటు లేని బుధవారం

పెద్ద బాసు, అంటే మనిషెత్తు ఫిడేలు, వాయించే ఓబులేసు బేతంచెర్లలో బండల పాలిషింగు యూనిట్లో మేస్త్రీ. మద్రాసులో సినిమా ఆర్కెస్ట్రాలు తగ్గిపోయాక ఎవరో అమ్ముకున్న బాసు వాయిద్యాన్ని లారీలో తెచ్చుకున్నాడు. బండను మెటికతో కొట్టి, మోత విని, లోపల పగులుందో లేదో చెప్పడం ఆయన పని. అట్లాంటి చెవికి బాసు సులభంగానే దారికొచ్చింది. పియానోకు రెబెకా టీచరు. కడపలో మిషన్ బడిలో సంగీతం చెబుతూ, ఆదివారాలు చర్చిలో వాయిస్తుంది. ఆమె ముందు అబద్ధం చెబితే కళ్ళజోడు తీసి తుడుచుకుంటుంది. ఏమీ అనదు. అది ఇంకా కష్టం.

రికార్డింగు నా గదిలో కుదరదు. పియానో మెట్లెక్కదు. ఓబులేసు ఒక ఉపాయం చెప్పాడు. పాలిషింగు యూనిట్లకు వారంలో ఒకరోజు కరెంటు సెలవు. వాళ్ళది బుధవారం. ఆరోజు చుట్టుపక్కల ఒక్క రంపం తిరగదు.

రంపాల మోత అలవాటైన ఊళ్ళో అవి ఆగితే వచ్చే నిశ్శబ్దం చాలా లోతుగా ఉంటుంది. కరెంటు లేకపోతే నాకు ఇంకా మంచిది. తీగల్లో ఉండే సన్నని గీపెట్టుడు ఉండదు. బ్యాటరీల మీద పని చేసుకోవచ్చు. గోడౌనులో రెండు వైపులా నాపరాళ్ళు నిలువుగా, ఏటవాలుగా పేర్చి ఉన్నాయి. వాటి మధ్య ఆదోని దూది పరుపులు నాలుగు వేలాడదీశాం. చర్చివాళ్ళు ఇచ్చిన పియానోను బండలు మోసే హమాలీలు ఎనిమిదిమంది లారీ నుంచి దించి లోపల పెట్టారు. ఒక్క తీగ శ్రుతి తప్పలేదని నేను అందరికీ చెబుతుంటాను. టీచరు మూడు గంటలు బిగించుకుందన్నది చెప్పను.

రెండు బుధవారాల్లో ఆరు పాటలూ అయ్యాయి. వాటిలో "ఎండపొద్దు" అనేది మౌలాలన్నకు ప్రాణం. మొదట తీగల బ్రష్షులతో డ్రమ్ము తోలు మీద రాస్తాడు. ఉత్త కాళ్ళతో ఇసుకలో ఎవరో నడుస్తున్నట్టుంటుంది. తర్వాత ముగ్గురూ పరుగెత్తుతారు. చివరికి పియానో, బాసు ఆగిపోయి, పళ్ళెం మీద ఒక్క దెబ్బ. అంతే. ఆ దెబ్బ తోక పూర్తిగా పోయేదాకా పాటే. పదకొండు సార్లు వాయించి పదకొండోది ఉంచుకున్నారు.

ఎన్నికల పాటలు

తర్వాత ఎన్నికలు వచ్చాయి. మా వృత్తికి అది పెళ్ళిళ్ళ కాలం కన్నా గిరాకీ ఉన్న కాలం. ఒక అభ్యర్థి మనుషులు పొద్దున వచ్చి పాట పాడించుకుపోతే, ఎదుటి అభ్యర్థి మనుషులు మధ్యాహ్నం వచ్చేవాళ్ళు. బాణీ ఒకటే, కోరస్సు పాడేవాళ్ళు వాళ్ళే, పేరు, దాని ముందు పులో సింహమో అనే బిరుదు మాత్రమే మారేవి. ఒకసారి మార్చడం మరిచిపోయి, పొద్దుటి సింహాన్ని మధ్యాహ్నం వాళ్ళకు అంటగట్టాను. వాళ్ళు రెండు ఊళ్ళు తిరిగినాక గానీ కనిపెట్టలేదు.

ఆ రద్దీలో ఒకరోజు, గదిలో ఇరవైమంది నిలబడి అరుస్తుండగా, డిస్కు నిండిపోయిందని కంప్యూటరు మొరాయించింది. అన్నిటికన్నా పెద్ద ఫోల్డరు ఏదో చూశాను. ఎండపొద్దు. పదకొండు టేకులు, ఎనిమిది మైకులు. వినడానికని మౌలాలన్న ఫోనుకు పంపిన ఎంపీత్రీ ఒకటి విడిగా ఉంది. పాట ఉంది కదా అనుకున్నాను. ఫోల్డరు చెరిపేశాను. ఆ జాగాలో ఒక పులి, ఒక సింహం, ఒక ముద్దుబిడ్డ పట్టాయి.

జనం పోయాక భయం పట్టుకుంది. కానీ భయాన్ని ఎక్కువసేపు ఉంచుకునే రకం కాదు నేను. ఆ ఎంపీత్రీని పెద్ద ఫైలుగా మార్చి, మిగతా అయిదింటి పక్కన పెట్టాను. రెండు రకాలనూ మార్చి మార్చి విన్నాను. నిజంగానే నాకు తేడా తెలియలేదు. లాస్‌లెస్ అనేది డబ్బున్నవాళ్ళ భ్రమ అని ఆరోజు గట్టిగా నమ్మాను.

పెన్సిలు దెబ్బ

ఫలితాలు కూడా వచ్చేశాక ఒక మధ్యాహ్నం మౌలాలన్న, రెబెకా టీచరు పాటలు వినడానికి వచ్చారు. అయిదు పాటలు వరసగా విన్నారు. మౌలాలన్న కళ్ళు మూసుకుని, ఎడమ చేతి వేలితో మోకాలి మీద లెక్క వేస్తూ, ఒక్కమాట అనలేదు. అంటే బాగున్నట్టు. ఆరోది ఎండపొద్దు పెట్టాను. అయిపోయింది.

"మళ్ళీ పెట్టు."

పెట్టాను.

"ఇంకోసారి."

మూడోసారి అయ్యాక కళ్ళు తెరిచాడు. "ఈడ పళ్ళెం నీళ్ళలో మునిగినట్టుండాదప్పా. బ్రష్షు ఇసకలో నడవలే, బురదలో నడుస్తాండాది. తోక యాడ పోయినాది?"

"బండల గోడౌను గదన్నా. రాయి మింగుంటాది."

"మిగతా అయిదు పాటల్లో ఆ రాయికి ఆకలి కాలేదా, సుంకన్నా?" అంది టీచరు.

"నాకైతే అన్నీ ఒక్క మాదిరే ఉండాయి. సత్తెంగా చెప్తాండా."

అది నిజం. అందుకే అంత ధైర్యంగా అన్నాను. మౌలాలన్న లేచాడు. గోనెసంచి విప్పి పళ్ళెం తీశాడు. నడిమి రంధ్రంలోని తోలు పట్టీ ఎడమచేత్తో పట్టుకుని వేలాడదీశాడు. నా బల్ల మీద పెన్సిలు తీసుకోమని టీచరుకు సైగ చేశాడు.

"ఫ్యాను ఆపమ్మా. ఒక దెబ్బ కొట్టు. సుంకన్నా, మోత ఆగినప్పుడు చెయ్యెత్తు."

ఆమె కొట్టింది. మోత వచ్చింది, తగ్గింది, ఆగింది. చెయ్యెత్తాను. వాళ్ళిద్దరూ నా వైపు చూడలేదు. టీచరు తల కొంచెం వాల్చి వింటూనే ఉంది. ఎత్తిన చెయ్యి దించాలో ఉంచాలో తెలియక అట్లే ఉన్నాను. కింద వీధిలో ఒక ఆటో బేరం కుదుర్చుకుని వెళ్ళిపోయింది. అప్పుడు మౌలాలన్న "ఆగినాది" అన్నాడు. టీచరు తల ఊపింది.

"ఇద్దరూ కూడబలుక్కుని వచ్చినారా?" అన్నాను. నవ్వుతూనే అన్నాను.

"ఇంకోసారి కొట్టమ్మా. సుంకన్నా, ఈసారి నీకు ఆగినాక, వచ్చి అంచు ముట్టుకో."

కొట్టింది. ఆగింది. ఈసారి ఆగిందని నాకు నేను రెండుసార్లు చెప్పుకుని మరీ లేచాను. చూపుడువేలు అంచుకు ఆనించాను. వేలి కింద చీమలు పారుతున్నట్టు జలజలమంది. పళ్ళెం ఇంకా మోగుతూనే ఉంది. నాకు ఏమీ వినపడలేదు.

వేలు తియ్యకుండా చాలాసేపు నిలబడ్డాను. హెడ్‌ఫోనుల్లో కోరస్సులు, పక్కనే జనరేటర్లు, కల్యాణ మంటపాల స్పీకర్ల ముందు నిలబడిన ఏళ్ళు. ఎప్పుడు పోయిందో తెలియదు. పోయినది వినపడదు కాబట్టి, పోయిందని కూడా తెలియదు. ఎవరికీ తెలియని తేడా అని ఇన్నాళ్ళు నేను అందరికీ చెప్పినది, నాకు తెలియని తేడా.

కూర్చుని ఫోల్డరు సంగతి చెప్పేశాను. టీచరు కళ్ళజోడు తీసి తుడుచుకుంది. మౌలాలన్న పళ్ళాన్ని మళ్ళీ సంచిలో చుట్టుకున్నాడు. కుడిచేతి వేళ్ళు ముడి వెయ్యలేకపోతే ఎడమచేత్తో వేసుకున్నాడు.

"ఎవురి పాటలకోసం చెరిపినావు?"

"ఇద్దరివీ ఉండాయన్నా."

"గెలిచినోడివి కూడా ఉండాయా?"

"ఉండాయి."

"అదొక్కటే మంచి," అన్నాడు. సంచి చంకలో పెట్టుకుని, "ఆపరేషనుకు తొమ్మిది దినాలుండాది. మధ్యలో బుధవారం ఒకటొస్తాది," అన్నాడు.

"నాకాడ వద్దన్నా. బెంగుళూరు నుంచి మంచోణ్ణి పిలుస్తా. ఖర్చు నాది."

"వానికి నేను మొదటికాన్నించి చెప్పాల. నువ్వేం తప్పు చేసినావో నీకు తెలుసు. ఆ పని మళ్ళీ చెయ్యవు. కొత్తోడు ఏం చేస్తాడో ఎవురికి తెలుసు?"

దేన్ని క్షమ అంటారో నాకు తెలియదు. ఇది అది కాదనే అనుకుంటున్నాను. ఆయనకు రోజులు లేవు, అంతే.

రెండోసారి

బుధవారానికి ముందు చెవుల డాక్టరు దగ్గరికి వెళ్ళాను. ఆయన పరీక్ష చేసి కాగితం మీద గీసిన గీత, సన్నని శబ్దాల వైపు వచ్చేసరికి నల్లమల కొండ దిగినట్టు దిగిపోయింది. ఏం పని చేస్తావని అడిగాడు. బండల వ్యాపారమని చెప్పాను. ఆ వ్యాపారమైతే ఫరవాలేదన్నాడు.

వృత్తిలోకి వచ్చేవాళ్ళకు ఇక్కడ సూటిగా రెండు మాటలు. అసలు రికార్డింగును రెండు చోట్ల పెట్టండి, రెండోది వేరే ఊళ్ళో పెట్టండి. ఏడాదికోసారి చెవులు చూపించుకోండి. కళ్ళు తగ్గితే అక్షరం మసకబారి చెబుతుంది. చెవులు తగ్గితే ఎవరూ చెప్పరు. చెప్పినా వినపడదు.

బేతంచెర్లలో అదే గోడౌను, అవే పరుపులు. ఈసారి పియానో దించినప్పుడు నేనే ఒక మూల పట్టుకున్నాను. హమాలీలు నన్ను పక్కకు పొమ్మన్నారు.

మౌలాలన్న కుడిచేతిలో కర్ర నిలవడం లేదు. వానలో పెళ్ళి ఊరేగింపు పోయేటప్పుడు బ్యాండువాళ్ళు కర్ర జారకుండా జేబురుమాలుతో చేతికి కట్టుకుంటారు. అట్లాగే కట్టమన్నాడు. ఓబులేసు కట్టాడు.

"బిగుసుకున్నాదా మామా?"

"నాకేం తెలుసప్పా? నువ్వే చూసి చెప్పాల."

మూడుసార్లు వాయించారు. మూడుసార్లూ నడిమి పరుగు దగ్గర చెయ్యి వెనకబడింది. నాలుగోసారికి మౌలాలన్న పరుగే తీసేశాడు. టీచరు పరుగెత్తబోయి, ఆయన రావడం లేదని గమనించి, తనూ నెమ్మదించింది. ఓబులేసు ఒక్కొక్క తీగను బండను తట్టినట్టు తట్టి, దాని మోత పోయేదాకా ఆగి, ఇంకోటి తట్టాడు. ఈ టేకు పాతదానికన్నా బాగుందని నేను అనను. పాతదాంట్లో ఉన్న ఉరుకు ఇందులో లేదు. అది లోకంలో ఇంకెక్కడా లేదు. దాన్ని నేను ఒక పులికి, ఒక సింహానికి ఇచ్చేశాను. ఇప్పుడు ఆరు పాటలూ అందరూ వినేటట్టు బయట ఉన్నాయి. ఈ పాట విన్నవాళ్ళు, ముసలివాళ్ళ నడకలా ఉందని కొందరు, ఇదే అన్నిటికన్నా బాగుందని కొందరు అంటారు. మౌలాలన్న దాని గురించి ఏమీ అనడు. ఆపరేషను తర్వాత ఆయన టీ గ్లాసు కుడిచేత్తోనే పట్టుకుంటున్నాడు. కర్ర పట్టుకోలేదు.

ఆరోజు నాలుగో టేకుకు ముందు ఆయన నన్ను పిలిచాడు. "చివర దెబ్బ కొట్టినాక ఆ మిషను ముట్టుకోవాకు. నీకు ఆగినాదనిపించినా ముట్టుకోవాకు. నేను ఈ కర్ర తొడ మీద పెడతా. అప్పుడు ఆపు."

మోత ఎంతుందో చూపే మీటరు చూసి ఆపొచ్చు కదా అని మీరు అడగొచ్చు. మీటరు ముల్లు గది నిశ్శబ్దం దాకా దిగి అక్కడ ఆగిపోతుంది. ఆ తర్వాత కూడా మంచి చెవికి తోక వినపడుతూనే ఉంటుంది. అక్కడ మీటరుకూ నాకూ తేడా లేదు.

చివరి దెబ్బ పడింది. నా హెడ్‌ఫోనులో మోత తగ్గి ఆగిపోయింది. ముల్లు కింద పడుకుంది. నా వేలు అలవాటుకొద్దీ మీట మీదికి పోతే రెండోచేత్తో పట్టుకున్నాను. ఎదురుగా ముగ్గురూ ఉన్నారు. టీచరు చేతులు ఒళ్ళో పెట్టుకుని, మలుపు దాకా పోయి ఇంకా కనపడుతున్న మనిషిని చూస్తున్నట్టు దూరంగా చూస్తోంది. ఓబులేసు బాసు మెడకు చెంప ఆనించి కదలడం లేదు. మౌలాలన్న పెదవులు కొంచెం తెరుచుకుని ఉన్నాయి. కట్టిన కర్ర గాలిలోనే ఉంది. వాళ్ళు ముగ్గురూ ఒకే చోట ఉన్నారు, నేను బయట ఉన్నాను. అంతసేపు ఏమీ వినకుండా కూర్చోవడం నా ఉద్యోగంలో అదే మొదటిసారి. టీచరు రెప్ప వాల్చింది. ఓబులేసు చెంప తీశాడు. కర్ర నెమ్మదిగా వచ్చి తొడ మీద ఆనింది.

మీట నొక్కాను.

టేకు అయ్యాక రికార్డింగు చేసినవాణ్ణి అడగడం వాయించేవాళ్ళందరికీ అలవాటు. మౌలాలన్న కూడా నా వైపు తిరిగి, "ఎట్లుండాదప్పా?" అన్నాడు. ఈ ప్రశ్నకు ముప్పై ఏళ్ళుగా నా దగ్గర జవాబుకు కొదవ లేదు.

"నాకు ఇనపడలేదన్నా. మీ మొకాలు చూసినా."

"ఏమున్నాది మొకాల్లో?"

"తోక ఉన్నాది."

ఆయన రుమాలు కట్టిన చెయ్యి ఓబులేసు ముందు చాపి, ముడి విప్పమన్నాడు.